ఎవరికీ వినబడని భాగం

"లంగరు" ఆల్బం అసలు ప్రతిని చెరిపేసిన రోజున ఎస్తేరు టీచరు తొమ్మిదో తరగతికి ధ్వని పాఠం చెబుతోంది. మనిషి చెవికి ఏవి అందుతాయో, ఏవి అందవో బోర్డు మీద గీత గీసి చూపించింది. పిల్లలు బుద్ధిగా రాసుకున్నారు. అదే సమయంలో ఎక్కడో చల్లటి గదిలో, మనిషి చేయి పడకుండానే, ఆమె భర్త డ్రమ్స్ వాయించిన తొమ్మిది పాటలూ చెరిగిపోయాయి.

ఆ సంగతి ఆమెకు తెలిసేసరికి ఎండలు ముదిరాయి. రికార్డులు సేకరించి దాచే నాదకోశం సంస్థ వాళ్ళు పంపిన సందేశం మర్యాదగానే ఉంది. "స్వర్గీయ జోయేలు గారు మాకు అప్పగించిన సంగీతాన్ని మా తేలిక పద్ధతిలోకి మార్చాం. ఇప్పుడది ఇరవయ్యో వంతు చోటులోనే భద్రంగా ఉంది. వినేవారికి ఏ తేడా తెలియదు. మీ కుటుంబానికి అభినందనలు." ఆమె ఫోను బల్ల మీద బోర్లించి, దిద్దాల్సిన జవాబు పత్రాలు ముందుకు లాక్కుంది. ఎవరికీ తేడా తెలియనప్పుడు పోయిందేముంది అనుకుంది. పోవడమంటే ఏమిటో ఆమెకు తెలుసు. జోయేలు విషజ్వరంతో పోయి అప్పటికి రెండు వర్షాకాలాలు దాటాయి.

జోయేలు అల్లిపురం చర్చిలో క్వయర్ వెనక డ్రమ్స్ వాయిస్తూ పెరిగినవాడు. జాలరిపేట నూకరాజు బేస్ గిటార్ పట్టుకుని వచ్చి చేరాక, మరో ఇద్దరితో కలిసి "ఉప్పుగాలి" అని రాక్ బ్యాండు పెట్టారు. ఫిషింగ్ హార్బర్ దగ్గర మూతపడ్డ ఐసు ఫ్యాక్టరీలో వాళ్ళు రికార్డు చేసిందే "లంగరు". ఆటోల్లో, కాలేజీ వేడుకల్లో, పెళ్ళి ఊరేగింపుల్లో, చివరికి చేపల వేలంపాట దగ్గర కూడా ఆ పాటలే మోగిన కాలం ఒకటుంది. రికార్డింగు రోజుల్లో జోయేలు తన చెవిటి కూతుర్ని వెంట తీసుకుపోయేవాడు. నాలుగేళ్ళ కెజియా పెద్ద డ్రమ్ముకు వీపు ఆనించి కూర్చునేది. దెబ్బ పడినప్పుడల్లా వీపులోంచి అందుకుని కిలకిలా నవ్వేది. ఆ పిల్ల నవ్వు కూడా రికార్డులో పడింది. దాన్ని తీసేద్దామని మిగతావాళ్ళు అంటే జోయేలు ఒప్పుకోలేదు.

నాదకోశం వాళ్ళు వచ్చి, తరతరాలకూ దాచిపెడతాం, అసలు రికార్డింగు ఇవ్వండి అని అడిగినప్పుడు అతను ఉన్నదున్నట్టు డిస్కు తీసి ఇచ్చేశాడు. ఒక ప్రతి ఇంట్లో ఉంచుకోమని నూకరాజు మొత్తుకున్నాడు. వాళ్ళ చర్చిలో కోత పండుగనాడు ప్రథమ ఫలాలు తెచ్చి బలిపీఠం ముందు పెడతారు. కాసిన మొదటి కాయ, పండిన మొదటి గంప. తెచ్చినదాంట్లో కొంత వెనక్కి పట్టుకెళ్ళడం అక్కడ పరువు తక్కువ పని.

"దేవుడికి గుమ్మడికాయిచ్చి గింజలు దాచుకుంటామేట్రా?" అన్నాడు జోయేలు.

"ఆళ్ళు దేవుడేట్రా? ఆపీసోళ్ళు," అన్నాడు నూకరాజు.

జోయేలు నవ్వి, ఇంట్లో ఉన్న ప్రతిని కూడా ఆ రాత్రే తుడిచేశాడు. ఇచ్చింది నిండుగా ఇవ్వాలన్నది అతని పద్ధతి.

*

కెజియాకు పుట్టుకతోనే లోచెవి లేదు. బయటి చెవి కమ్మలు పెట్టుకోవడానికి మాత్రమే పనికొచ్చింది. చెవి మిషన్లు పనికిరావనీ, లోచెవిలో అమర్చే పరికరాలకు అసలు చోటే లేదనీ డాక్టర్లు ఆమె పసితనంలోనే తేల్చేశారు. ఆ అమ్మాయికి పదహారేళ్ళు నిండిన ఏడు, కొండ మీది పరిశోధనశాలలో డాక్టర్ సోమసుందరం తయారుచేసిన నాడితీగ గురించి ఎస్తేరుకు తెలిసింది. ఆ తీగకు చెవితో పనిలేదు. శబ్దాన్ని మెదడు అంచున ఉన్న నాడికే నేరుగా అప్పజెబుతుంది.

"చెవి లేకుండా వినడమేంటండీ?" అని అడిగింది ఎస్తేరు.

"తలుపు లేని ఇంటికి కప్పు మీంచి దిగడం టీచర్ గారూ," అన్నాడాయన. "దిగాక లోపల ఎలా ఉంటుందో నాకూ తెలీదు. మీ అమ్మాయే చెప్పాలి."

తీగ పనిచేసింది. మొదటి వారమంతా కెజియా చెవులు మూసుకుంటూ తిరిగింది. మూసుకున్నా లాభం లేదని తెలిసి తనే నవ్వుకుంది. కాకులను గొంతును బట్టి గుర్తుపట్టడం మొదలుపెట్టింది. మాటలు ఇంకా పూర్తిగా అందేవి కావు. పెదాలు చూస్తూ, గొంతు వింటూ, రెండూ జతచేసుకునేది. తను చెప్పదలచుకున్నది ఎప్పటిలాగే వేళ్ళతో చెప్పేది.

ఒకరోజు ఎస్తేరు పోపు పెట్టి, కూరగాయల కోసం అవతలికి తిరిగింది. పక్క పొయ్యి మీద కుక్కరు విజిలు వేస్తోంది. కెజియా ముందు గదిలోంచి పరుగున వచ్చి స్టవ్ కట్టేసింది.

"ఆవాలు మాడుతున్నాయి," అని వేళ్ళతో అంది.

"నీకెలా తెలిసింది? వాసన వచ్చిందా?"

"చిటపట ఆగిపోయింది కదా. నీకు వినబడలేదా?"

"కుక్కరు అరుస్తుంటే ఆవాలెక్కడ వినబడతాయే?"

కెజియా తల్లిని వింతగా చూసింది. "కుక్కరు కుక్కరే. ఆవాలు ఆవాలే."

ఆ మాట ఎస్తేరు అప్పటికి పట్టించుకోలేదు. మాడిన పోపు పారబోసి మళ్ళీ పెట్టుకుంది.

*

తండ్రి పాటలు ఎప్పుడు వినిపిస్తావని కెజియా ఆసుపత్రి మంచం మీదే అడిగింది. వేగిరపడొద్దని డాక్టర్ చెప్పడంతో ఎస్తేరు ఆపుతూ వచ్చింది. నిజానికి ఆపింది తనకోసం కూడా. సమాధి చేసి వచ్చిన తర్వాత ఆమె "లంగరు" పెట్టుకోలేదు.

ఒక ఆదివారం ఆరాధన అయ్యాక నూకరాజు రెండు పెద్ద స్పీకర్లు ఆటోలో వేసుకొచ్చాడు. భుజానికి గిటారు కూడా ఉంది. "ఏ పాట ముందు పెట్టమంటావొదినా?"

"మొదటిదే పెట్టు. ఆ వరస పెట్టింది ఆయనే కదా."

పాట మొదలైంది. ముందు సింబల్ మీద చిన్న చినుకుల్లాంటి దెబ్బలు, తర్వాత నూకరాజు బేసు, దాని వెనక నుంచి పెద్ద డ్రమ్ము. ఎస్తేరు కుర్చీ చేతిని గట్టిగా పట్టుకుంది. ఆమెకు అంతా ఎప్పటిలాగే ఉంది. ఎప్పటిలాగే ఉండడమే కష్టంగా ఉంది. ఆమె కూతురి మొహం చూసింది. కెజియా కనుబొమలు ముడిపడ్డాయి. అరచేతులు రెండూ ఎత్తి, గుడ్డను పట్టి చింపినట్టు చూపించింది.

నూకరాజు పాట ఆపాడు. "ఏటంతాది?"

"చిరిగిపోయిందంటోంది," అంది ఎస్తేరు. కూతురి వైపు తిరిగి, "ఏది చిరిగింది?" అంది.

"పాట. అన్నీ కన్నాలే. చిమట కొట్టిన శాలువాలాగ." కెజియా వేళ్ళు వేగంగా కదిలాయి. "ఇప్పుడు ఈ గది ఉంది కదా. ఫ్యాను, బాబాయి ఊపిరి, వీధిలో స్కూటరు. అందులో కూడా ఒక గది ఉంది. నాన్న దెబ్బ పడగానే ఆ గది చచ్చిపోతుంది. మళ్ళీ వస్తుంది, మళ్ళీ చస్తుంది. దెబ్బకి ముందు వెనకలు లేవు. నాన్న అక్కడ కూర్చుని వాయిస్తున్నట్టు లేదు. ఎవరో కత్తిరించి అంటించినట్టుంది."

ఆ సైగలను ఎస్తేరు మాటల్లో చెప్పగా విని నూకరాజు తల గోక్కున్నాడు. "మా వాయింపే అంతొదినా. గుంట మర్యాదకి చిరిగిందంతాంది."

నవ్వు ఎవరికీ రాలేదు. అతను గిటారు తీసి, అదే పాటలోని తన వరస వాయించాడు. కెజియా కళ్ళు విచ్చుకున్నాయి. దగ్గరికి జరిగి కూర్చుంది. "ఇది నిండుగా ఉంది," అంది. "ఇలాగే నాన్నదీ కావాలి."

నూకరాజు మర్నాటి నుంచి తిరిగాడు. బ్యాండులో మిగిలిన ఇద్దరి దగ్గరా, అభిమానుల ఫోన్లలోనూ, ఆటో డ్రైవర్ల పెన్‌డ్రైవుల్లోనూ ఉన్న "లంగరు"లన్నీ పోగుచేసి తెచ్చాడు. పాత ప్రతులు ఎవరి దగ్గరా మిగల్లేదు, అన్నీ ఈమధ్య నాదకోశం నుంచి దిగినవే. అన్నీ చిరిగినవే.

*

డాక్టర్ సోమసుందరం తీగను అన్ని విధాలా పరీక్షించాడు. ఏ లోపమూ లేదు. తీగ పెట్టించుకున్న మిగతా పిల్లలూ రికార్డు చేసిన పాట పెట్టగానే మొహం తిప్పుకుంటున్నారని ఆయన అప్పుడు బయటపెట్టాడు. అలవాటు లేక అనుకున్నాడట.

ఎస్తేరు కుర్చీ ఆయన బల్ల దగ్గరికి జరుపుకుంది. తర్వాత, తరగతిలో తనను పిల్లలు అడిగే పద్ధతిలోనే, నెమ్మదిగా అడిగింది. "డాక్టర్ గారూ, కుక్కరు విజిలు వేస్తుంటే ఆవాల చిటపట నాకు వినబడదు. ఆ చిన్న చప్పుడు పోయేది గాల్లోనా, నా చెవిలోనా?"

"గాల్లో రెండూ ఉంటాయి. మీ లోచెవిలో పెద్దది చిన్నదాన్ని కప్పేస్తుంది."

"మా అమ్మాయికి లోచెవి లేదు."

ఆయన చేతిలో పెన్ను బల్ల మీద పెట్టి, లేచి కిటికీ దగ్గరికి వెళ్ళాడు. అవతల కింద ఓడరేవు కనబడుతోంది. "తేలిక పద్ధతి అంటే అదేనండీ," అన్నాడు చివరికి. "పెద్ద చప్పుడు కింద పడిన చిన్నవాటిని ఎలాగూ చెవి వదిలేస్తుంది. చెవి వదిలేసేదాన్ని మనం దాచడమెందుకని ముందే కత్తిరించేస్తారు. మీకూ నాకూ ఆ కత్తిరింపు కనబడదు. మీ అమ్మాయికి కప్పే చెవి లేదు కాబట్టి కత్తిరించిన చోటల్లా ఖాళీ."

"అయితే మా అమ్మాయి అబద్ధం చెప్పలేదు."

"లేదు. ఉన్నదున్నట్టు చెబుతోంది."

ఎస్తేరు ఇంటికి వెళ్ళి ఆ పాత సందేశం వెతికి మళ్ళీ చదివింది. వినేవారికి ఏ తేడా తెలియదు. ఆ వాక్యం రాసినవాడు ఎవరో ఆమెకు తెలియదు. కానీ రాసేటప్పుడు వాడి ముందు తన కూతురు లేదన్నది తెలుసు. ఆమెకు కోపం త్వరగా రాదు. వచ్చినా తరగతి గది దాటదు. ఆ సాయంత్రం వచ్చిన కోపం మాత్రం అన్నం ముందు కూర్చున్నా తగ్గలేదు.

*

ఆమె రాసిన ఫిర్యాదుకు జవాబుగా నాదకోశం నుంచి మానస్ అనే యువకుడు పరిశోధనశాలకు వచ్చాడు. చక్కగా దువ్వుకున్న జుట్టు, చేతిలో స్వీట్ల డబ్బా. "ఇంజినీరింగులో మా హాస్టల్‌కి ఈ ఆల్బమే ప్రాణం మేడం. జోయేలు గారి డ్రమ్స్ బల్ల మీద కొట్టని రోజు లేదు," అన్నాడు. ఎస్తేరు డబ్బా తీసుకుని పక్కన పెట్టింది. ఆ కుర్రాడి అభిమానం నిజమేనని ఆమెకు తెలుస్తూనే ఉంది. అందువల్ల అతన్ని క్షమించడం తేలిక కాలేదు.

"మేం ఆషామాషీగా చెరపలేదు మేడం. వెయ్యిమందిని కూర్చోబెట్టి పరీక్ష చేశాం. ఒక్కరు కూడా తేడా పట్టలేదు."

"ఆ వెయ్యిమందిలో చెవిటివాళ్ళెంతమంది బాబూ?"

మానస్ నవ్వబోయి ఆగాడు. "అది వినికిడి పరీక్ష కదా మేడం."

"అవును. వినికిడి పరీక్షే. ఎంతమంది?"

"లేరు."

"మరి వినేవారికి ఏ తేడా తెలియదని ఎలా రాశారు?"

అతను డాక్టర్ వైపు చూశాడు. డాక్టర్ సాయం రాలేదు. "నేను కాదనడం లేదు మేడం. కానీ పాప బాధలో ఉంది. నాన్నగారు లేరు కాబట్టి ఆ పాటలో ఏదో లేనట్టు అనిపించడం సహజం."

నూకరాజు కుర్చీలోంచి లేచాడు. "ఏటీ, పిల్లకి దిగులెక్కి చెవులు మోగుతున్నాయంటావా? దిగులుంటే మాకు నేదా? మాకెందుకు వినబడనేదు మరి?"

"కూర్చో నూకరాజు," అంది ఎస్తేరు. "పరీక్ష పెడదాం."

గది మధ్యలో తెర కట్టించింది. తెర వెనక నూకరాజు తన గిటారుతో, పక్కన ఒక తప్పెటతో కూర్చున్నాడు. మానస్ తన యంత్రంతోనే అతని వాయింపు రికార్డు చేశాడు. ఒకటి పూర్తిగా, ఏదీ తీయకుండా. ఇంకొకటి తేలిక పద్ధతిలో. ఆపైన నూకరాజు ఒకసారి చేత్తో వాయిస్తే, ఒకసారి నిండు రికార్డు, ఒకసారి తేలిక రికార్డు. ఏది ఎప్పుడన్నది డాక్టరే తెర వెనక నూకరాజుకు వేళ్ళు చూపి చెబుతాడు. ఇవతల కెజియా, మానస్ పక్కపక్కనే కూర్చున్నారు. చెరొక పలక, చెరొక సుద్దముక్క. పలకలు ఎస్తేరు బడి నుంచి తెచ్చింది.

చేత్తో వాయించినదానికీ నిండు రికార్డుకూ మధ్య కెజియా రెండుసార్లు తడబడింది. తేలిక రికార్డు వచ్చినప్పుడు మాత్రం ఒక్కసారి కూడా తడబడలేదు. రికార్డులో తప్పెట మీద మొదటి దెబ్బ పడీ పడకముందే పలక మీద అడ్డగీత పడేది. మానస్ పలక మీద అంతా గందరగోళం. తేలికదాన్ని చేతివాయింపు అని రాశాడు, చేతివాయింపును తేలిక అని రాశాడు.

పలకలు చూసుకుని అతను ఊపిరి పీల్చుకున్నాడు. "చూశారా మేడం. తేడా లేదు."

"నీకు లేదు."

"అంటే... మామూలు వినేవాళ్ళకి."

ఎస్తేరు కూతురి పలక తీసి అతని చేతిలో పెట్టింది. ఆమె గొంతు పెరగలేదు. "బాబూ, మీరు పడేసింది అక్కర్లేని చెత్తని కాదు. ఐసు ఫ్యాక్టరీ గది, ఆయన ఊపిరి, కర్ర ఎత్తడానికీ దించడానికీ మధ్య ఉన్న జాగా. ఆ డ్రమ్ముకి వీపానించి మా అమ్మాయి నవ్వింది. అది ఆయన కావాలని ఉంచాడు. పెద్ద చప్పుడు కింద ఉందని దాన్నీ తీసేశారు. నువ్వు వినలేవు, సరే. నేనూ వినలేను. వినలేనివాళ్ళం మనం. తీర్పు కూడా మనమే చెప్పేశామా?"

మానస్ పలకను బల్ల మీద పెట్టాడు. "అసలు ప్రతులు లేవు మేడం," అన్నాడు మెల్లగా. "ఈ ఒక్క ఆల్బమే కాదు. వచ్చినవి వచ్చినట్టు మారుస్తున్నారు. ఆపించే చోట నేను లేను." కాసేపటికి మళ్ళీ ఉత్సాహం తెచ్చుకున్నాడు. "కానీ దారి ఉంది. మా సంస్థే ఖర్చు పెట్టుకుని చేయించింది. డాక్టర్ గారు చెప్పలేదా?"

డాక్టర్ సోమసుందరం తల వంచుకుని ఒక కాగితం బల్ల మీదికి జరిపాడు. నాడితీగలో ఒక సవరణ. దానికి వాళ్ళు పెట్టుకున్న పేరు ముసుగు. మన లోచెవి కప్పినట్టే, పెద్ద చప్పుడు కింద చిన్నదాన్ని తీగే కప్పేస్తుంది. అప్పుడు కెజియాకు కన్నాలు తెలియవు. ఆల్బం అందరికీ వినబడినట్టే వినబడుతుంది. ఒకసారి స్థిరం చేస్తే మళ్ళీ తీయడం కుదరదు. మిగతా పిల్లల తల్లిదండ్రులందరూ సంతకాలు పెట్టారు.

"రికార్డుని చింపి, పిల్లని సరిచేస్తారా?" అంది ఎస్తేరు.

మానస్ తన పెన్ను తీసి కాగితం మీద పెట్టాడు.

కెజియా పెదాలు చూస్తూ సగం, తల్లి వేళ్ళు చూస్తూ సగం అంతా పట్టుకుంది. "ఒకసారి పెట్టి చూపించమను. స్థిరం చెయ్యకుండా," అంది.

*

డాక్టర్ కంప్యూటరు ముందు కూర్చుని ముసుగు వేశాడు. మానస్ మొదటి పాట పెట్టాడు.

సింబల్ మీద చినుకులు పడ్డాయి. బేసు వచ్చింది. డ్రమ్ము వచ్చింది. కెజియా ఊపిరి బిగబట్టి విన్నది. ఆమె మొహంలో ముడి విడిపోయింది. చేయి తనంతట తనే మోకాలి మీద దరువు వేయడం మొదలుపెట్టింది. కళ్ళ నీళ్ళు కారుతుంటే తుడుచుకోలేదు. రెండు వేళ్ళతో గుండె మీద తట్టింది. వాళ్ళ ఇంట్లో నాన్న అనడానికి అదే గుర్తు.

ఎస్తేరు మొహం పక్కకు తిప్పుకుంది. కాగితం ఎదురుగానే ఉంది. పెన్ను కాగితం మీదే ఉంది. సంతకం పెడితే ఈ మొహం రోజూ చూడవచ్చు. బతికున్నన్నాళ్ళూ జోయేలు కోరుకున్నది ఇదే. చచ్చిపోయే ముందు కూడా అతను ఆ పిల్ల వీపు మీద వేళ్ళతో దరువు వేశాడు. ఆమె పెన్ను చేతిలోకి తీసుకుంది.

"సంతకం పెట్టీ ఒదినా," అన్నాడు నూకరాజు. "గుంట ఆళ్ళ నాన్నని ఇంటాంది. ఇంకేటి కావాలి?"

అప్పుడే రేవులోకి వస్తున్న ఓడ ఒకటి హారన్ మోగించింది. కిటికీ అద్దాలు అదిరాయి. నూకరాజు ఇంకా ఏదో అంటున్నాడు. కెజియా ఉలిక్కిపడి అతని నోటి వైపు చూసింది. పెదాలు కదులుతున్నాయి. ఆమె చేయి దరువు ఆపింది. హారన్ ఆగేదాకా అతని మొహమే చూస్తూ ఉంది.

"బాబాయి మాట ఏమైంది?" అంది తల్లితో.

"ఓడ కూసింది కదే. ఎవరికీ వినబడలేదు."

"ఫ్యాను? కింద గేటు దగ్గర కుక్క అరుస్తోంది ఇందాకటి దాకా. అదీ లేదు."

"మాకూ లేదు."

కెజియా తల్లిని తేరిపార చూసింది. ఆ చూపులో జాలి ఉంది. "మీకెప్పుడూ ఇలాగేనా?"

ఎస్తేరు తలూపింది.

కెజియా డాక్టర్ ముందుకు వెళ్ళి నిలబడింది. ఆయనకు సైగలు రావు కాబట్టి నోటితోనే మాట్లాడింది. కొత్త గొంతు. అక్షరాలు ఒకదానికొకటి తగలకుండా జాగ్రత్తగా పెట్టుకుంటూ వచ్చింది.

"ముసుగు వేస్తే... పోయింది... తిరిగి వచ్చిందా?"

"లేదమ్మా," అన్నాడు డాక్టర్.

"మరి?"

"పోయినట్టు నీకు తెలియదు. అంతే."

"మా నాన్న... చిరిగే ఉన్నాడు."

"ఉన్నాడమ్మా."

"అయితే తియ్యండి."

మానస్ ముందుకు వచ్చాడు. "ఆలోచించుకోమ్మా. ఇంకెప్పుడూ ఆ పాటలు ఇలా వినలేవు."

కెజియా అతని వైపు తిరిగింది. ఈసారి వేళ్ళతోనే, చాలా వేగంగా చెప్పింది. ఎస్తేరు ఒక్కో మాటా అతనికి అందించింది. తనదైన ఒక్క మాటా కలపలేదు. "మీరు కత్తిరించారు. కత్తిరించినట్టు తెలిసేది మాకే. ఇప్పుడు మాకూ తెలియకుండా చేస్తే, ఇంక తెలిసేవాళ్ళు ఉండరు. అప్పుడు మీరన్నది నిజమైపోతుంది."

డాక్టర్ ముసుగు తీశాడు. పాట ఇంకా మోగుతూనే ఉంది. కెజియా మొహం ముడిపడింది. అయినా చివరిదాకా కూర్చుని విన్నది, చిరిగినచోట చిరిగినట్టే. ఎస్తేరు పెన్నుకు మూతపెట్టి డాక్టర్ చేతికి ఇచ్చింది.

బయటికి వస్తున్నప్పుడు మెట్ల మీద నూకరాజు ముక్కు చీదుకున్నాడు. "ఆడు గుమ్మడికాయలాంటోడొదినా. పిల్ల గింజ. అసాధ్యపు గింజ."

"నడు," అంది ఎస్తేరు. "బస్సు పోతుంది."

*

ఆ తర్వాత ఆమె సెలవు దొరికిన ప్రతి రోజూ తిరిగింది. నాదకోశానికి రికార్డులు అప్పగించిన వాళ్ళ ఇళ్ళకు వెళ్ళింది. నాదస్వరం విద్వాంసుడి కొడుకు, జముకుల కథ చెప్పే ముసలమ్మ, కాలేజీ బ్యాండుల కుర్రాళ్ళు. ఇంకా మారనివి ఉంటే వెనక్కి తెచ్చుకోమని చెప్పింది. కొందరు తెచ్చుకున్నారు. కొందరు, వినబడని దానికి ఇంత రాద్ధాంతమేంటి టీచరమ్మా అని కాఫీ ఇచ్చి పంపారు. ఆమె కాఫీ తాగి, మళ్ళీ మొదటి నుంచి చెప్పింది. డాక్టర్ సోమసుందరం తన పరీక్షల ఫలితాలు అచ్చువేయించాడు. సంతకాలు పెట్టిన తల్లిదండ్రుల్లో ఇద్దరు వచ్చి, మా పిల్లలకు ఇంకా స్థిరం చేయకండని ఆపించుకున్నారు. మిగతా పిల్లలకు ముసుగు పడిపోయింది. మానస్ ఆ ఉద్యోగంలోనే ఉన్నాడు. అప్పుడప్పుడు ఫోను చేసి, పైవాళ్ళు పరిశీలిస్తున్నారు మేడం అంటాడు.

పరిశీలన ఇంకా పూర్తికాలేదు. చెరపడం ఆగలేదు. "లంగరు" నిండు ప్రతి ఎక్కడా దొరకలేదు. కెజియా తన తండ్రి వాయించిన పాట ఒక్కటి కూడా ఇంతవరకూ నిండుగా వినలేదు.